బోర్డు మీద రెండో పేరు

కూతురి ముఖం మీద తన మొగుడి ముఖం వచ్చి పడే ఆ క్షణం అంజవ్వకు ఎన్నిసార్లు చూసినా అలవాటు కాలేదు. ముందు సుభాషిణి వచ్చి కుర్చీలో కూర్చుంటుంది. ముఖమంతా తెల్లటి పూత పూసుకుని, జుట్టు వెనక్కి లాగి కట్టి, కనుబొమ్మలు కూడా ఆ పూతలోనే కలిపేసి, సున్నం కొట్టిన గోడలా ఉంటుంది. ఆమెకు తోడుగా పనిచేసే ఫిజా ప్రొజెక్టర్ వేస్తుంది. అంతే. ఆ తెలుపు మీద ఆయన ముక్కు, ఆయన మీసం, కుడి చెంప మీద ఆయన పుట్టుమచ్చ. సుభాషిణి రెప్ప వేస్తే ఆయన వేసినట్టే ఉంటుంది. పదకొండేళ్లుగా గొంతు కూడా వినపడని మనిషి మూడడుగుల దూరంలో కూర్చుని ఊపిరి తీస్తుంటే ఎవరి గుండె మాత్రం కుదురుగా ఉంటుంది?

అది బర్ దుబాయ్‌లో, బట్టల కొట్ల సందులో, ఖాళీ పడి ఉన్న ఒక దర్జీ కొట్టు. గోడకు ఇంకా టేపు వేలాడేసిన మేకులున్నాయి. వెలుతురు లోపలికి రాకుండా షట్టర్ సగానికి దించి ఉంచుతారు. లోపలి నుంచి చూస్తే సందులో నడిచేవాళ్ల కాళ్లు మాత్రమే కనిపిస్తాయి. చెప్పులు, బూట్లు, సిమెంటు మరకల పాంట్లు. ఆదివారం మధ్యాహ్నం కూలీల క్యాంపుల నుంచి జనం బజారుకు వచ్చే వేళ కాబట్టి సుభాషిణి ఆదివారాలే కూర్చుంటుంది, రెండు నుంచి ఆరు వరకు. వచ్చినవాళ్లు వంగి లోపలికి దూరి, ఎదుటి స్టూలు మీద కూర్చుని ఆ ముఖాన్ని చూస్తారు. గోడకు ఆనించిన నల్లబోర్డు మీద మూడు భాషల్లో సుద్దతో రాసి ఉంటుంది. అంజవ్వ తెలుగు ముక్క ఒక్కటే చదవగలదు. ఆకు చుట్టి వచ్చిన పాత పేపర్లు విప్పుకుని, బీడీలు చుడుతూ చుడుతూ తనంతట తాను నేర్చిన చదువు అది. 'ఈయన పేరు హన్మంతు. మాది జగిత్యాల దగ్గర పల్లె. 2008లో దుబాయ్ వచ్చాడు. ఎవరైనా చూశారా?'

సుభాషిణి పెట్టుకున్న నియమాలు రెండే. ఆ ముఖం తన మీద ఉన్నంతసేపు తాను మాట్లాడదు, ఎవరేమన్నా. వచ్చినవాళ్ల ముఖాలు తీసే కెమెరా మధ్యలో ఆగదు, ఏం జరిగినా. రేపెప్పుడో షార్జాలో పెద్ద హాల్లో ఈ వీడియోలన్నీ గోడల మీద వేస్తారట. దీన్ని ఆర్టు అంటారట.

"ముఖానికి సున్నం పూసుకుంటే మనిషి దొరుకుతడా బిడ్డా?" అని మొదటివారం అంజవ్వ అడిగింది.

"పేరుతోని దొరుకుతలేడు గదనే అవ్వా. ఏడ అడిగినా గా పేరు మీద మనిషి రానే రాలేదంటున్నరు. కంప్యూటర్‌ల లేనోడు లోకంలనే లేనట్టా? పేరు లేకుంటే ముఖమన్నా ఉండదా?"

ఆ పేరు మీద మనిషి ఎందుకు రాలేదో అంజవ్వకు తెలుసు.

ఆయన మొదటిసారి దుబాయ్ వచ్చినప్పుడు కంపెనీ వదిలి పారిపోయి, కాగితాల్లేకుండా కల్లివెల్లిగా తిరిగి పట్టుబడ్డాడు. వేలిముద్రలు తీసుకుని ఇంటికి పంపించి, మళ్లీ రాకుండా ఆ పేరు మీద నిషేధం రాశారు. రెండేళ్లు ఇంటి దగ్గర ఖాళీగా తిరిగాక ఏజెంటు దారి చూపించాడు. అంజవ్వ తమ్ముడు గంగాప్రసాద్ పేరు మీద పాస్‌పోర్టు, దాని మీద ఈయన ఫొటో. అప్పట్లో ఎందరో అట్లాగే వెళ్లారు, అది తప్పని ఎవరికీ అనిపించలేదు. కానీ తమ్ముడికి బస్ డిపోలో ఉద్యోగం వచ్చే మాట నడుస్తోంది. సంగతి బయటపడితే జైలు. ఆయన బయలుదేరే రోజు మధ్యాహ్నం, పదహారేళ్ల సుభాషిణి చాప మీద నిద్రపోతుంటే, గంగాప్రసాద్ అక్క చెయ్యి పట్టుకుని తీసుకుపోయి ఆ పిల్ల నెత్తి మీద పెట్టించాడు. "నోట్లకెల్లి ఈ మాట ఎన్నడు రానియ్యనని పిల్ల మీద ఒట్టు పెట్టక్కా." పెట్టింది. అరచేతి కింద పిల్ల నెత్తి వెచ్చగా ఉండటం ఇప్పటికీ గుర్తే.

సుభాషిణి ఇప్పుడు కంప్యూటర్‌కు ఇచ్చిన ఫొటో ఆ పాస్‌పోర్టుకని తీయించిన వాటిలో మిగిలిందే. నలభై ఏళ్ల మనిషి ఫొటో. లాప్‌టాప్‌లో ఒక గీత, గీత మీద ఒక చుక్క. చుక్కను కుడివైపు జరిపితే చెంపలు జారతాయి, మీసం నెరుస్తుంది, కళ్ల కింద సంచులు వస్తాయి. యాభై ఆరు దగ్గర ఆపింది సుభాషిణి. ఇవాళ ఎక్కడైనా బతికి ఉంటే బాపు ఇట్లా ఉంటాడని లెక్క. మొదటిసారి చూసినప్పుడు అంజవ్వ చీర కొంగు నోట్లో కుక్కుకుంది. తాను చూడని పదహారేళ్లు ఒక చుక్క లాగితే వచ్చి కూర్చున్నాయి.

ఇవాళ డిసెంబరు ఇరవై తొమ్మిది. ముప్పై ఒకటితో క్షమాభిక్ష ఖలాస్. కాగితాల్లేనివాళ్లు జైలూ జరిమానా లేకుండా ఇంటికి పోవచ్చని ప్రభుత్వం ఇచ్చిన గడువు. దాని కోసమే సుభాషిణి తల్లిని విజిట్ వీసా మీద రప్పించింది. ఎయిర్‌పోర్టులో కన్నును చూసే మిషన్ ముందు నిలబెట్టినప్పుడు అంజవ్వ భయపడింది, లోపల దాచినదంతా కన్ను చెప్పేస్తుందేమోనని. మిషన్ ఏమీ అనలేదు. పోనిచ్చింది.

నాలుగో ఆదివారం, ఇదే ఆఖరుది. మూడు దాటింది. ఇద్దరు కుర్రవాళ్లు వంగి లోపలికి వచ్చారు. ఒకడు స్టూలు మీద కూర్చున్నాడు, ఇంకోడు నిలబడి ఫోన్‌లో ఫొటో తీస్తున్నాడు.

"అరే దేవేందర్, మీ సేఠ్ లెక్కనే ఉన్నడు గదరా!" అన్నాడు నిలబడ్డవాడు.

"మా సేఠ్‌కు ఇంత శాంతముంటే నేను ఇంకో పదేండ్లు చేద్దును. అమ్మా, ఈమె బొమ్మనా, మనిషా?"

"మనిషే," అంది అంజవ్వ. "నా బిడ్డ. ఆ ముఖం దాని బాపుది. జూసినవా బిడ్డా ఏడనన్నా?"

దేవేందర్ నవ్వు ఆగిపోయింది. బోర్డు చదివాడు. "హన్మంతు... జగిత్యాలోళ్లు మా క్యాంపుల ముప్పై మందున్నరు. హన్మంతు అనేటోడు లేడమ్మా. పేరు గాక ఇంకేమన్నా జెప్పుండ్రి, అడుగుత." స్టూలు మీంచి లేచాడు. "బెంగపెట్టుకోకు. దొరుకుతడు." పోతూ పోతూ ఆ తెల్లని ముఖానికి దణ్ణం పెట్టాడు.

పేరు గాక ఇంకేమన్నా. అంజవ్వ ఒళ్లో చేతులు ఒకదానితో ఒకటి నలుపుకుంటున్నాయి. నలభై ఏళ్లు బీడీలు చుట్టిన వేళ్లు, గీతలు అరిగి నున్నగా అయిపోయినవి. ఊళ్లో రేషన్ మిషన్ ఆ వేలిని ఎన్నిసార్లు పెట్టినా నువ్వెవరో తెలియదంటుంది. ఇంకా రెండు రోజులే. రెండు రోజుల తర్వాత ఆయన ఎదురుపడినా, పట్టుకుపోవడానికే తప్ప ఇంటికి తీసుకుపోవడానికి వీలుండదు. ఆమె పెదాల వెనక ఆ పేరు నాలుగు వారాలుగా ఉంది. చిత్రమేమంటే, సొంత మొగుడి పేరు ఆమె పుట్టి బుద్ధెరిగి ఒక్కసారీ పలకలేదు, ఆడవాళ్లు పలకకూడదు గనక. ఈ రెండో పేరు మాత్రం తమ్ముడిది, రోజుకు పదిసార్లు అరిచి పిలిచింది. అంత తేలిక పేరు బండరాయిలా నోటికి అడ్డం పడింది. కళ్ల ముందే పిల్ల కూర్చుని ఉంది, కదలకుండా, తెల్లగా, శవానికి పూసినట్టు పూసుకుని. ఒట్టు తప్పితే ఎవరికి తగులుతుంది?

దాని వెనక ఇంకో సంగతి ఉంది. అది అంజవ్వ తనకు తాను కూడా చెప్పుకోదు.

కరోనా ఏడాది, ఎండాకాలం. అందరూ ఇళ్లల్లో మూసుకుని ఉన్న రోజులు. గంగాప్రసాద్ మూతికి తువ్వాల కట్టుకుని వచ్చి వాకిట్లోనే దూరంగా కూర్చున్నాడు. నవ్వుతున్నాడు. "అక్కా, నేను సచ్చిపోయిన్నట! దుబాయ్ నుంచి ఎవడో తుర్కాయన ఫోన్ జేసిండు. గంగాప్రసాద్ సచ్చిపోయిండు, ఇంటోళ్లు మాట్లాడుండ్రి అంటడు. ఓరయ్యా, గంగాప్రసాద్‌ను నేనే, మంచిగనే ఉన్న అన్న, ఫోన్ పెట్టేసిన..." నవ్వు సగంలో ఆగింది. అక్కాతమ్ముళ్లు ఒకరినొకరు చూసుకున్నారు. ఎంతసేపు చూసుకున్నారో. చివరికి అంజవ్వే అంది, "రాంగ్ నంబరై ఉంటది తీయ్. అబద్ధపు సావు కబురొస్తే ఆయుష్షు పెరుగుతదంటరు." లోపలికి పోయి చక్కెర ఎక్కువేసి చాయ్ పెట్టి తెచ్చింది. తమ్ముడు తాగాడు. ఆ మాట మళ్లీ ఇద్దరి మధ్యా రాలేదు. మళ్లీ రాకపోతే అది లేనట్టేనని ఆమె నాలుగేళ్లుగా బొట్టు పెట్టుకుంటూనే ఉంది, కాలి మెట్టెలు అరిగితే కొత్తవి వేయించుకుంది.

"ఆంటీ, చాయ్ తాగుండ్రి. పొద్దటి నుంచి ఏం తినలేదు మీరు," అంది ఫిజా, కెమెరా వెనక నుంచి. హైదరాబాదు పిల్ల, షార్జాలోనే పెరిగింది.

"వద్దు బిడ్డా." అంజవ్వ లేచింది. ఒట్టు నోటికి కదా పెట్టించాడు తమ్ముడు. నోట్లోంచి రానివ్వనని. చేతికి పెట్టించలేదు. ఆ ఆలోచన ఎక్కడి నుంచి వచ్చిందో గానీ, మునిగేవాడికి దొరికిన తాడులా పట్టుకుంది. బోర్డు కింద పడి ఉన్న సుద్ద ముక్క తీసింది. తెలుగు వాక్యం కింద, వంకర టింకరగా, ఒక్కో అక్షరం లోపల్లోపల కూడబలుక్కుంటూ రాసింది. 'దుబాయ్ల పేరు గంగాప్రసాద్.'

వెనక్కి తిరిగింది. కుర్చీలోని ముఖం అలాగే ఉంది, యాభై ఆరేళ్ల శాంతంతో. కానీ దానిలోపల రెండు కళ్లు పెద్దవయ్యాయి. ఆ కళ్లు ఆయనవి కావు. మేనమామ పేరు బోర్డు మీద ఎందుకుందని ఆ కళ్లు అడుగుతున్నాయి, నోరు అడగలేదు. నియమం. తమ్ముడు నోటికి పెట్టించిన ఒట్టు తనది, తనకు తాను పెట్టుకున్న ఒట్టు పిల్లది. అంజవ్వ చూపు తప్పించింది.

గంట గడిచింది. వచ్చినవాళ్లు వచ్చారు, పోయినవాళ్లు పోయారు. నాలుగున్నరకు షట్టర్ కింద రెండు తోలు చెప్పులు ఆగాయి. కాసేపు అటూ ఇటూ తచ్చాడాయి. తర్వాత ఒక పెద్దాయన మోకాళ్లు పట్టుకుని వంగి లోపలికి వచ్చాడు. తెల్లగడ్డం, చేతిలో కొత్తిమీర కట్టలున్న సంచి.

"అస్సలాం అలైకుమ్. ఏందమ్మా ఇది, సినిమానా? ఆ పక్కన రమీజ్ కొట్టులో పోరగాడు చెప్పినాడు, తెలుగోళ్లు ఎవరినో ఎతుకుతాండారని. నా పేరు జిలానీ బాషా. మాది మదనపల్లె. అల్ కుసైస్‌లో క్యాంపు మెస్సులో వంట చేస్తాండా ఇరవై రెండేండ్లుగా." మాట్లాడుతూనే బోర్డు వైపు తిరిగాడు. పై వరస చదివి తల అడ్డంగా ఊపాడు. కింది వరస దగ్గరికి పోయి కళ్లద్దాలు పైకి ఎత్తుకుని చదివాడు.

సంచి కింద పెట్టాడు.

"ఏ గంగాప్రసాద్? బీడీల గంగాప్రసాదా?"

అంజవ్వ ఒక అడుగు ముందుకు వేసింది.

"ఆ మనిషికి చేతులు ఊరకుండవమ్మా. బస్సు టికెట్టు దొరికినా, బిల్లు కాగితం దొరికినా కోసి, చుట్టి, దారం కట్టేసేటోడు. లోపల ఏమీ ఉండదు. ఆడోళ్ల పని చేస్తాండావేందిరా అని మేం నవ్వితే, మా ఇంట్లోది నేర్పించింది భాయ్, ఇట్ల చుడుతుంటే దాని పక్కన కూసున్నట్టుంటది అనేటోడు. నా కాడనే ఉన్నాడు ఏడేండ్లు. కూరగాయలు తరిగేటోడు. కాగితాల్లేని మనిషి, బయటికి పోయేదానికి భయం."

"ఆయన..." అంది అంజవ్వ.

జిలానీ బాషా అప్పుడు కుర్చీ వైపు చూశాడు. స్టూలు మీద కూర్చున్నాడు. ముందుకు వంగి, ఆ ముఖాన్ని చాలాసేపు చూశాడు. వెలుతురులో దుమ్ము తిరుగుతోంది.

"పోలికుంది," అన్నాడు. "మచ్చ అదే. కానీ ఇంత ముసలోడు కాలేదమ్మా."

బయట ఎవరో "యల్లా యల్లా" అని తోపుడుబండికి దారి అడుగుతున్నారు. ఫిజా లాప్‌టాప్ దగ్గరికి వెళ్లింది. సుభాషిణి వైపు చూసింది, అడుగుతున్నట్టు. సుభాషిణి రెప్ప వేసింది. ఫిజా చుక్కను ఎడమకు జరపడం మొదలుపెట్టింది. మీసంలో నలుపు తిరిగి వచ్చింది. కళ్ల కింద సంచులు అణిగాయి. యాభై ఐదు, యాభై నాలుగు, యాభై మూడు, యాభై రెండు.

"ఆ... ఆడ. ఆడనే ఆపు పాపా." జిలానీ బాషా చెయ్యి ఎత్తాడు. "ఇట్లనే ఉన్నాడు. ఇదే ముఖం." కండువాతో కళ్లు ఒత్తుకున్నాడు. "కరోనా కాలం. రంజాన్ అయిపోయిన నాలుగోరోజు ఆసుపత్రికి తీస్కపోయినారు. మల్లీ రాలే. ట్రంకుపెట్టెలో పాస్‌పోర్టు జిరాక్సు ఉండింది, దాని ఎనకాల ఇంటి నంబరు రాసుకున్నాడు. నేనే చేసినా. ఎవరో ఎత్తి, గంగాప్రసాద్‌ను నేనే, బతికే ఉండానని పెట్టేసినాడు. మూడు సార్లు చేసినా. మూడోసారి ఎత్తలే. నా మతి పోయింది. సచ్చిన మనిషి ఫోనెత్తి మాట్లాడితే ఎవరికి చెప్పుకోవాల? ఇంటోళ్లు రాలేదని ఈడనే కాల్చినారంట. యాడో నాకు తెలీదు. అందరినీ పోనిచ్చే టైము కాదది."

"ఇంతకు ముందు గడువిచ్చినప్పుడు ఎందుకు పోలేదన్నా, ఇంటికి?" అంది అంజవ్వ. తన గొంతు తనకే ఎవరిదోలా వినిపించింది.

"పోయినాడమ్మా. నేనే వెంట పోయినా. లైన్లో మిషన్ దాకా పోయి తిరుక్కున్నాడు. నా వేలు ఒక పేరు చెప్తది, నా కాగితం ఇంకో పేరు చెప్తది భాయ్, లోపలేస్తారు అన్నాడు. అట్లయితే ఇంటికి ఫోనన్నా చేసి చెప్పు అన్నా. మా ఇంట్లోది ఇంటికొచ్చేదాకా ఫోన్ చెయ్యొద్దంది, అది మాటంటే మాటే అన్నాడు. నవ్వుతానే అన్నాడు."

అంజవ్వ గోడ పట్టుకుంది. అన్నది తనే. 2013లో, బతుకమ్మ పండుగ ముందు, తమ్ముడి ఫోన్‌లో. వస్తా వస్తా అని ఐదేళ్లు చెప్పాడని కోపం వచ్చి, "ఇంటికొచ్చేదాంక నాకు ఫోన్ జెయ్యకు" అని పెట్టేసింది. కోపంలో అన్నమాట. మర్నాడు మళ్లీ చేస్తాడనుకుంది. ఆ మర్నాటి కోసం పదకొండేళ్లు ఎదురుచూసింది.

"ఆయన అసలు పేరేందమ్మా?" జిలానీ బాషా అడిగాడు. "నాలుగేండ్లుగా గంగాప్రసాద్ అనే దువా చేస్తాండా."

ఆమె వేలెత్తి బోర్డు మీద పై వరస చూపించింది. ఆయన ఆ పేరు పెదాలతో మెల్లగా పలికాడు.

కుర్చీలో, యాభై రెండేళ్ల ఆ ముఖం ఏమీ ఎరగనట్టు ఉంది. మీసం కదల్లేదు. కానీ చెంప మీద, మచ్చ పక్క నుంచి, నీళ్లు దిగుతున్నాయి. పూత కరిగి నీళ్లు వెళ్లిన దారిలో సుభాషిణి సొంత ఒంటిరంగు గీతలా బయటపడింది. ఆ గీత మీద మాత్రం ఆయన ముఖం సరిగా పడటం లేదు.

ఇప్పుడు చెప్పకపోతే ఇంకెప్పుడూ చెప్పలేనని అంజవ్వకు తెలిసింది. కూతురికి చెప్పే ధైర్యం లేదు. ఆ ముఖానికే చెప్పింది.

"నాకు ఎర్కే. తమ్ముడు అప్పుడే జెప్పిండు, ఫోనొచ్చిందని. నేనే రాంగ్ నంబరన్న. వానికి చాయ్ వోసిన. వాని నౌకరి పోతదని కాదు... నువ్వు పోయినవంటే, నేనన్న ఆ మాటే ఆఖరి మాటైతది. అందుకని నిన్ను సావనియ్యలే. పిల్లను లోకమంత తిప్పుకుంట..." మిగిలింది ఏడుపులో పోయింది.

సుభాషిణి లేచింది.

తల్లి వైపు చూడలేదు. వంగి, షట్టర్ కింది నుంచి బయటికి వెళ్లిపోయింది. ఆమె మీదున్న ముఖం పట్టు తప్పి వెనక గోడ మీద పడింది. ఆ మేకుల మీద, పెచ్చులూడిన సున్నం మీద, సాగిపోయి, వంకరగా, ఎవరిదో తెలియని ముఖంలా.

"బంద్ చేయనా ఆంటీ?" అంది ఫిజా ఏడుస్తూ.

"వద్దు." గోడ మీద ఆయన అట్లా చెదిరిపోయి ఉండటం అంజవ్వ చూడలేకపోయింది. గబగబా వెళ్లి ఆ కుర్చీలో కూర్చుంది. నడుం నిలబెట్టి, కూతురు కూర్చున్నట్టే. వెలుగు కళ్లల్లో సూదుల్లా పడింది. ఎదురుగా జిలానీ బాషా "యా అల్లా" అని చేయి నోటికి అడ్డం పెట్టుకున్నాడు. అంటే ఆయన తన ముఖం మీదికి వచ్చాడన్నమాట. వాళ్లందరికీ కనిపిస్తాడు, తనకు మాత్రం కనిపించడు.

"ఆంటీ, కండ్లు మూసుకోండి, ఖరాబైతయి."

మూసుకోలేదు. ఆ వెలుగు అవతల ఉన్న షట్టర్ కింద, తాను కుర్చీలోకి వచ్చే ముందు, సుభాషిణి కాళ్లు చూసింది. నల్ల చెప్పులు, తెల్లటి పూత చుక్కలు పడినవి, సందు వైపు తిరిగి ఆగి ఉన్నాయి. ఇప్పుడు ఆ దిక్కంతా ఒకటే తెలుపు. పిల్ల నిలబడే ఉందో, బజారులో కలిసిపోయిందో తెలియడం లేదు. పిలవాలనుంది. పోవద్దు అనాలనుంది. కానీ ఈ కుర్చీలో కూర్చున్నవాళ్లు మాట్లాడకూడదు. అదీగాక, పోయేవాళ్లతో తాను చివరగా అన్న మాటలు ఎట్లాంటివో ఆమెకు తెలుసు.

చెవులు రిక్కించి, చెప్పుల చప్పుడు కోసం కూర్చుంది. బయట ఆదివారం జనం, వందల చెప్పులు.